గున్వోర్ నెల్సన్ సినిమాలు ఎవరైనా చూశారా?

కొలిమి:

స్వీడన్ సినిమా అనగానే మన మాటలు బెర్గ్‌మన్‌తో మొదలై బెర్గ్‌మన్‌తోనే ఆగిపోతాయి. మూకీల దాకా వెళ్ళినవారైతే షోస్ట్రోమ్ పేరు కూడా తెస్తారు, అంతే. గున్వోర్ నెల్సన్ గురించి మనవాళ్ళు ఎవరైనా రాశారేమోనని వెతికాను. 2025 జనవరిలో, తొంభై మూడేళ్ళ వయసులో ఆవిడ పోయినప్పుడు కూడా తెలుగులో నా కంట ఒక్క ముక్క పడలేదు. అందుకే ఈ చర్చ మొదలుపెడుతున్నాను.

తెలియనివారికి నాలుగు మాటలు. 1931లో పుట్టారు. స్వీడన్‌లో వార్మ్‌లాండ్ ప్రాంతంలోని క్రిస్టీనెహామ్న్ అనే చిన్న పట్టణంలో పెరిగారు. 1950లలో చిత్రకళ చదవడానికి అమెరికా వెళ్ళి, శాన్ ఫ్రాన్సిస్కో పరిసరాల్లోనే దాదాపు నలభై ఏళ్ళు ఉండిపోయారు. 1990ల మొదట్లో మూటాముల్లె సర్దుకుని సొంత ఊరికే వచ్చేశారు. అక్కడా ఇక్కడా తీసినవన్నీ కలిపితే ఇరవై పైచిలుకు. చాలావరకు 16 ఎం.ఎం. ఫిల్ము మీద, చివరివి వీడియో మీద. కథ ఉండదు. తన పనిని "ప్రయోగాత్మక సినిమా" అనడం ఆవిడకు అంతగా నచ్చేది కాదు, "వ్యక్తిగత సినిమా" అనేవారు.

నన్ను అడిగితే ఆవిడ జీవితాంతం తీసింది ఒకే ఇంటిని. అమ్మ, తాను, కూతురు, వాళ్ళ ఒళ్ళు, వాళ్ళ వస్తువులు. ముందుగా "మై నేమ్ ఈజ్ ఊనా" (1969) చూడండి. పది నిమిషాలు, నలుపు తెలుపు. ఊనా ఆవిడ కూతురే. పొడవాటి జుట్టు గాలికి ఎగురుతూ గుర్రం మీద వెళుతుంది, చెట్ల మధ్య పరుగెత్తుతుంది. ఒక బొమ్మ మీద ఇంకొకటి వచ్చి పడుతుంది, వేగం తగ్గుతుంది, కొన్ని చోట్ల తెలుపు నలుపై నలుపు తెలుపై తిరగబడుతుంది. వెనక ఆ పిల్ల గొంతు తన పేరు చెబుతూనే ఉంటుంది. అమెరికాలో లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ వారు 2019లో దీన్ని భద్రపరచవలసిన సినిమాల జాతీయ పట్టికలో చేర్చారు.

సందేహి:

కొలిమి గారూ, మీ మాట మీద చూశాను. ఒక పాప పేరు చెప్పింది, గుర్రమెక్కింది, పరుగెత్తింది. ఇవాళ ప్రతి తల్లీ ఫోనులో తీస్తున్నది ఇదే కదా. నలుపు తెలుపులో తీస్తే కళ అయిపోతుందా? వెటకారం అనుకోకండి, నిజంగానే అడుగుతున్నాను.

శబ్దగ్రాహి:

సందేహి గారూ, మీరు కళ్ళతో చూశారు, చెవులతో మళ్ళీ చూడండి. చాలాకాలం డబ్బింగు థియేటర్లలో పనిచేసినవాణ్ణి కాబట్టి నాకు ముందు తగిలింది శబ్దమే.

ఆ శబ్దంలో స్టీవ్ రైష్ పాలు ఉంది. తరువాత ప్రపంచ ప్రఖ్యాతి పొందిన స్వరకర్త, అప్పట్లో శాన్ ఫ్రాన్సిస్కోలో ఉండేవాడు. ఒక వీధి మతప్రచారకుడి గొంతును రికార్డు చేసి, అందులోని ఒకే ముక్కను రెండు టేపు యంత్రాల మీద చుట్టలుగా కట్టి తిప్పాడు. ఇది 1965 నాటి సంగతి. ఏ రెండు యంత్రాలూ సరిగ్గా ఒకే వేగంతో తిరగవు. మొదట ఒకే గొంతుగా వినిపిస్తుంది. కాసేపటికి ఒకటి వెంట్రుకవాసి వెనకపడి, గొంతుకు చిన్న ప్రతిధ్వని వచ్చినట్టు ఉంటుంది. ఆ దూరం ఇంకా పెరిగాక మాట చెదిరిపోయి, అక్షరాల దరువు ఒక్కటే మిగులుతుంది. ఏ వాయిద్యమూ లేకుండానే తాళం పుట్టుకొస్తుంది.

ఊనా గొంతుకు జరిగింది కూడా ఇలాంటిదే. పిల్ల వారాల పేర్లు చెబుతుంది, తన పేరు చెబుతుంది. అది రెండవుతుంది, నాలుగవుతుంది, చివరికి ఒక గుంపు మంత్రం చదువుతున్నట్టు ఉంటుంది. మొదట్లో సిగ్గుపడుతూ పేరు చెప్పిన పిల్ల సినిమా మధ్యకు వచ్చేసరికి చెప్పడం మానేసి ప్రకటిస్తోంది. బొమ్మలు కూడా గొంతులాగే పొరలు పొరలుగా ఎందుకు వచ్చాయో అప్పుడు అర్థమవుతుంది. ఆఖరులో గొంతు మారుతుంది. గున్వోర్ గారే స్వీడిష్‌లో పాట అందుకుంటారు. అమెరికాలో పెరుగుతున్న పిల్ల మీదికి తల్లి భాష వచ్చి వాలడం అక్కడే.

ఫోనులో తీసే తల్లులు ఇంత పని చేస్తున్నారంటే నాకు చాలా సంతోషం.

రెండో_ఆట:

ఆఖరి వాక్యానికి ఈల వేయాలనిపించింది.

మైత్రేయి_క:

ఊనాతో మొదలుపెట్టమంటే అందరూ ఇది అందమైన, కలలాంటి సినిమాలు తీసే ఆవిడ అనుకుంటారు. నేనైతే "ష్మీర్‌గుంట్స్"తో మొదలుపెట్టమంటాను. ఇది ఆవిడ మొదటి సినిమా. 1965లో డొరతీ వైలీ అనే స్నేహితురాలితో కలిసి తీశారు, పదిహేను నిమిషాలు. ఇద్దరికీ సినిమా తీయడం రాదు. ఇద్దరి భర్తలూ కళాకారులే. గున్వోర్ భర్త రాబర్ట్ నెల్సన్ అప్పటికే సినిమాలు తీస్తున్నారు, డొరతీ భర్త విలియం వైలీ చిత్రకారుడు. భర్తలకు వృత్తి ఉంది, వీళ్ళకు వంటింటి తొట్టి ఉంది.

నిజంగానే తొట్టి దగ్గరే పుట్టిందట ఆలోచన. ఒకరోజు గిన్నెలు కడిగే తొట్టిలో పేరుకున్న జిడ్డు, మురికి చూస్తూ, ప్రకటనల్లో చూపించే ఆడవాళ్ళకూ తాము రోజూ చేసే పనికీ ఎంత దూరమో గున్వోర్‌కు తట్టింది. సినిమా మొత్తం ఆ దూరమే. ఒకవైపు అందాల పోటీలు, పత్రికల్లోని నవ్వు ముఖాలు, పెళ్ళికూతుళ్ళు. వాటికి ఆనించి కత్తిరించినవి: కాలువలోంచి చేతులతో లాగిన చెత్త, పసివాడి మురికి గుడ్డలు, వేవిళ్ళతో వాంతి చేసుకుంటున్న గర్భిణి. నిండు నెలల్లో వంగలేక మేజోళ్ళు వేసుకోవడానికి పడే అవస్థ అయితే నేను చెప్పడం కన్నా మీరు చూడడం మేలు. మా ఇంట్లో రెండు కాన్పులు చూసినదాన్ని, నవ్వీ నవ్వీ కళ్ళలో నీళ్ళు వచ్చాయి.

కోపంగా ఉపన్యాసం ఇవ్వవచ్చు, ఇవ్వలేదు. పకపకా నవ్వారు. 1966లో ఆన్ ఆర్బర్ చిత్రోత్సవంలో బహుమతి వచ్చింది. ఎర్నెస్ట్ కాలెన్‌బాక్ అనే విమర్శకుడు, ఇది అమెరికన్ గృహం ముఖాన వదిలిన పెద్ద త్రేన్పు అనీ, ప్రతి రోటరీ క్లబ్బులోనూ ప్రతి బడి తల్లిదండ్రుల సంఘంలోనూ ఆడించాలనీ రాశాడు.

రెండో_ఆట:

ఇంట్లో చూపించాను. "ఇందులో ప్రయోగం ఏముంది, ఉన్నదే కదా" అని మా ఆవిడ లేచి వెళ్ళిపోయింది. ఇంతకన్నా మంచి సమీక్ష నేను రాయలేను.

పాతరీలు:

చర్చ బాగుంది కానీ ఒక చిక్కు. శీర్షికలో లేకపోయినా అందరూ ఆవిడను స్వీడన్ ఖాతాలో వేసేస్తున్నారు. పైన చెప్పిన రెండూ కాలిఫోర్నియాలో తీసినవి. చదువు అక్కడ, మిత్రులు అక్కడ, 1970 నుంచి 1992 దాకా పాఠాలు చెప్పింది శాన్ ఫ్రాన్సిస్కో ఆర్ట్ ఇన్‌స్టిట్యూట్‌లో. నా లెక్కలో ఆవిడ అమెరికా పశ్చిమ తీరపు దర్శకురాలు.

స్కాండినేవియా ప్రయోగ సినిమా వంశవృక్షం వేరు. వికింగ్ ఎగ్గెలింగ్ లుండ్‌లో పుట్టాడు, బెర్లిన్‌లో కూర్చుని 1924లో "డయాగనల్ సింఫనీ" పూర్తిచేశాడు. నల్లని తెర మీద తెల్లని గీతలు పెరుగుతాయి, తరుగుతాయి, అంతే సినిమా. మరుసటి ఏడాదే పోయాడు. ఆ తరువాత 1950లో స్టాక్‌హోంలో కొందరు యువకులు ఒక బృందం కట్టారు, ప్రయోగ సినిమాలను భద్రపరచి పంపిణీ చేసే ఇవాళ్టి ఫిల్మ్‌ఫోర్మ్ సంస్థకు మూలం అదే. నాటకకర్తగా పేరు పొందిన పీటర్ వైస్ అందులో ఉండి 1950లలో పొట్టి సినిమాలు తీశాడు. డెన్మార్క్‌లో దర్శకుడు యోర్గెన్ లెత్ ఉండేవాడు. ఫిన్లాండ్‌లో ఐనో రూట్సలో ఫిల్మును గీకి, రంగులు పూసి పనిచేశాడు. (ఫిన్లాండ్ స్కాండినేవియా కిందికి రాదు అని ఎవరో అనబోతున్నారు, నాకు తెలుసు.)

సందేహి:

పాతరీలు గారి వంశవృక్షంలో ఎగ్గెలింగ్ బెర్లిన్‌లో తీశాడు, పీటర్ వైస్ జర్మనీలో పుట్టి వలస వచ్చినవాడు. వాళ్ళిద్దరికీ చోటు దొరికితే ఈవిడకు ఎందుకు దొరకదు? ఆమె సినిమాలు నచ్చకపోయినా ఈ వాదన మాత్రం నాకు న్యాయంగా లేదు.

పాతరీలు:

గట్టి దెబ్బే. అయినా సినిమా ఎక్కడ పుట్టిందన్నదే నాకు ముఖ్యం, మనిషి ఎక్కడ పుట్టారన్నది తరువాత.

ఉత్తరవాసి:

అయితే ఎక్కడ పుట్టాయో చెబుతాను. నేను ఉండేది కార్ల్‌స్టాడ్‌లో, క్రిస్టీనెహామ్న్‌కు రైల్లో అరగంట లోపు. ఆ ఊరికి వెళ్ళేవాళ్ళు వేనెర్న్ సరస్సు ఒడ్డున పికాసో శిల్పం చూసి, ఫొటో దిగి వెనక్కు వస్తారు. పదిహేను మీటర్ల కాంక్రీటు స్తంభం, 1965లో నిలబెట్టారు. సరిగ్గా ఆ ఏడే ఈ ఊరి అమ్మాయి ఎక్కడో కాలిఫోర్నియాలో తొట్టిలో చెత్త తీస్తూ సినిమా తీస్తోంది. నేనూ మొదట శిల్పం చూసి తిరిగి వచ్చినవాణ్ణే.

1980ల నుంచి ఆవిడ పనిలో పెద్ద భాగం స్వీడన్‌లోనే జరిగింది. స్టాక్‌హోంలో ఫిల్మ్‌వెర్క్‌స్టాన్ అని ఒక వర్క్‌షాపు ఉండేది. స్టూడియోల గడప తొక్కలేనివారికి పరికరాలు ఇచ్చి పని చేసుకోనిచ్చేది. వేసవుల్లో అమెరికా నుంచి వచ్చి ఆ చోటులో ఆనిమేషన్ కెమెరా కింద గంటల తరబడి కూర్చునేవారు. "ఫ్రేమ్ లైన్", "లైట్ ఇయర్స్", "నాచురల్ ఫీచర్స్" ఈ దారిలో వచ్చినవే.

అవి చూసినవారికి తెలుస్తుంది, కార్టూను ఆనిమేషన్‌కూ దానికీ పొంతన లేదు. కెమెరా పైనుంచి కిందికి చూస్తూ ఉంటుంది. కింద ఒక ఫొటో. దాని మీద గాజు పలక, గాజు మీద తడి రంగు. కుంచె ఒక గీత గీస్తుంది, ఒక ఫ్రేము. తుడుస్తుంది, ఇంకో ఫ్రేము. నీళ్ళు పోస్తే రంగు కరిగి ఫొటోలోని ముఖం మీదికి పాకుతుంది. కత్తిరించిన కాగితం ముక్క వచ్చి కప్పేస్తుంది, దాన్ని చింపితే కింద మరో ఫొటో. చిత్రకారిణి చెయ్యి తెర మీద ఆగకుండా పనిచేస్తూనే ఉన్నట్టు ఉంటుంది. "లైట్ ఇయర్స్"లో ఈ తడి రంగుల మధ్య నుంచి స్వీడన్ పల్లె దారులు, పొలాలు, ఎర్ర ఇళ్ళు పరుగెత్తుతాయి. దూరదేశం వెళ్ళి వచ్చిన మనిషి సొంత ఊరిని చూసే చూపు అది. నాకు ఆ చూపు బాగా తెలుసు, మా ఊరికి వెళ్ళినప్పుడల్లా నాకూ రెండు మూడు రోజులు ఏదీ నిలకడగా కనిపించదు.

1993లో వచ్చిన "ఓల్డ్ డిగ్స్", "క్రిస్టీనాస్ హార్బర్" రెండూ పూర్తిగా ఆ ఊరి గురించే. ఇక ఇది ఎవరి ఖాతా అంటారో పాతరీలు గారే చెప్పాలి.

పాతరీలు:

రెండు ఖాతాలు తెరుద్దాం. ఒప్పందం.

బే_వైపు:

అమెరికా ఖాతా వైపు నుంచి ఒక మాట. నేను శాన్ ఫ్రాన్సిస్కో దగ్గరి ఫ్రీమాంట్‌లో ఉంటాను. గున్వోర్, రాబర్ట్ నెల్సన్ కాపురం ఉన్న మ్యూర్ బీచ్ శాన్ ఫ్రాన్సిస్కోకు ఉత్తరాన ఉంది, గోల్డెన్ గేట్ వంతెన దాటి కొండ దారిలో వెళ్ళాలి. మే, జూన్ నెలల్లో కూడా మధ్యాహ్నం దాకా పొగమంచు. ఊనా సినిమాలోని ఆ తేమ వెలుతురు ఫిల్ము గారడీ అనుకున్నాను, అక్కడ నిలబడితే సగం ప్రకృతే చేసిందని తెలిసింది.

ఆ కాలపు వాతావరణం కూడా తోడైంది. బ్రూస్ బెయిలీ అనే దర్శకుడు 1961లో ఇంటి వెనక తెర కట్టి సినిమాలు వేయడంతో మొదలైన కాన్యన్ సినిమా, తరువాత దర్శకులే నడుపుకునే సహకార పంపిణీ సంస్థ అయింది. ఎవరి సినిమా అద్దె వారికి వచ్చేది. గున్వోర్ సినిమాలు ఇప్పటికీ అక్కడ దొరుకుతాయి. ఆవిడ పాఠాలు చెప్పిన ఆర్ట్ ఇన్‌స్టిట్యూట్ మాత్రం 2022లో మూతపడింది.

"టేక్ ఆఫ్" (1972) గురించి ఎవరూ ఎత్తలేదేమిటి? ఒక నర్తకి క్లబ్బుల్లో ఆడినట్టే ఒక్కొక్క వస్త్రమూ విప్పుతూ పోతుంది. చూసేవాడు హాయిగా వెనక్కి వాలతాడు. బట్టలన్నీ అయిపోయాక ఆవిడ ఆగదు. జుట్టు తీసేస్తుంది, కాళ్ళు తీసేస్తుంది, చేతులు, చెవులు, ముక్కు, చివరికి తల. మిగిలిన మొండెం ఆనందంగా అంతరిక్షంలోకి ఎగిరిపోతుంది. చూడాలని వచ్చావుగా, ఇదిగో మొత్తం చూడు అన్నట్టు ఉంటుంది.

మైత్రేయి_క:

దానికి స్త్రీవాద సినిమా అని ముద్ర వేసి ఊరుకుంటారు. నాకు నచ్చేది ఆ నర్తకి ముఖం. చివరి దాకా నవ్వు చెక్కుచెదరదు. బలైపోయినదానిలా ఒక్క క్షణం కూడా కనిపించదు.

కొలిమి:

నా అసలు ఉద్దేశం "రెడ్ షిఫ్ట్" (1984) దగ్గరికి రావడం. యాభై నిమిషాలు, నలుపు తెలుపు. స్వీడన్‌లో, తల్లిదండ్రుల ఇంట్లో. అమ్మ, గున్వోర్, ఊనా ముగ్గురూ కనిపిస్తారు. అమ్మ చేతి మీది చర్మానికి కెమెరా ఎంత దగ్గరగా వెళుతుందంటే అది చెయ్యి అని మరిచిపోతాం. సొరుగులు, మెట్లు, బట్టలు. ఎవరు తల్లి, ఎవరు కూతురు అన్నది కాసేపటికి కలగాపులగం అవుతుంది. కూతురు పెద్దరికం వహిస్తుంది, తల్లి పిల్ల అవుతుంది. వీటి మీదుగా ఒక గొంతు ఉత్తరాలు చదువుతూ ఉంటుంది. గుర్రపు స్వారీకీ తుపాకీకీ పేరుమోసిన, అమెరికా పశ్చిమ ప్రాంతపు కెలామిటీ జేన్ దూరంగా పెరుగుతున్న కూతురికి రాసినట్టు చెప్పే ఉత్తరాలు. అవి ఆవిడ రాసినవేనా అని చరిత్రకారులకు గట్టి అనుమానం. గున్వోర్‌కు ఆ అనుమానంతో పని లేదు. కూతురికి చెప్పలేని మాటలు కాగితం మీద పెట్టిన తల్లి ఒకరు కావాలి, అంతవరకే.

ఇక్కడ ఒక్క సూచన: ఇది రాత్రి పడుకునే ముందు చూసే సినిమా కాదు. మెలకువగా ఉన్నప్పుడు చూడండి. నడక నెమ్మది.

సందేహి:

చూశాను. ఇది నాకు నచ్చింది, ముందే చెబుతున్నాను. అందుకే "టైమ్ బీయింగ్" (1991) కూడా చూశాను, అక్కడే నాకు అడ్డం తిరిగింది. ఎనిమిది నిమిషాలు, శబ్దం లేదు. ఆ అమ్మే. మంచం మీద, అవసాన దశలో. కెమెరా అలా చూస్తూ ఉంటుంది. ఆ స్థితిలో ఉన్న మనిషిని అనుమతి అడిగే వీలు ఎక్కడిది? మా నాయనమ్మ చివరి రోజుల్లో ఎవరో ఫొటో తీయబోతే నాన్న ఫోను లాక్కున్నారు. ఆయన చేసింది సబబే అని ఇప్పటికీ అనుకుంటాను. కళ అనే పేరు పెడితే ఆ నియమం మారిపోతుందా?

మైత్రేయి_క:

మంచి ప్రశ్న, దాటేయకూడదు. నా వైపు నుంచి రెండు సంగతులు. ఒకటి, ఆ అమ్మకు కెమెరా కొత్త కాదు. "ట్రోల్‌స్టేనెన్" అనే పెద్ద సినిమా 1970లలో ఆ కుటుంబం మీదే తీశారు, "రెడ్ షిఫ్ట్"లో ఆవిడ ఇష్టంగానే నటించారు. ఆ ఇంట్లో కూతురి చేతిలో కెమెరా ఉండడం కొత్త సంగతి కాదు.

రెండు, 1969లోనే గున్వోర్ "కిర్సా నికొలీనా" తీశారు. ఒక జంట ఇంట్లోనే బిడ్డను కనడం, రంగుల్లో, దాపరికం లేకుండా. కాన్పును అలా చూడవచ్చు, మరణాన్ని చూడకూడదు అంటే ఎందుకో చెప్పాలి. రెండూ మనం తలుపు వేసి లోపల పెట్టినవే.

సందేహి:

కాన్పును తీయనిచ్చిన తల్లి ఆ తరువాత సినిమా చూసి వద్దనగలదు. ఈ తల్లి అనలేదు. 1984లో ఇచ్చిన సమ్మతి 1991కి చెల్లుతుందని నేను ఒప్పుకోను.

మైత్రేయి_క:

చెల్లుతుందని నేనూ అనలేదు. కూతురు ఆ బాధ్యత నెత్తిన వేసుకుంది అంటాను. తప్పైతే అది తనదే, ఇంకెవరిదీ కాదు. బయటివాడు తీసి ఉంటే నేనూ మీ వైపే.

శబ్దగ్రాహి:

సాంకేతికంగా ఒక మాట. ఊనా గొంతుతో అంత ఆట ఆడిన మనిషి, సినిమా సినిమాకూ శబ్దాన్ని తానే ముక్కలు ముక్కలుగా పేర్చుకున్న మనిషి, ఇక్కడ శబ్దమే పెట్టలేదు. ఆస్పత్రి చప్పుళ్ళో ఊపిరి చప్పుడో పెట్టి ఉంటే మనం ఏడ్చేవాళ్ళం. సంగీతం పెడితే ఇంకా సులువు. ఆ సులువు వద్దనుకున్నారు. సందేహి గారి అభ్యంతరానికి ఇది జవాబు అవుతుందని అనను. ఆవిడ ఏడిపించడానికి మాత్రం తీయలేదు అనడానికి నాకు ఇది చాలు.

ఉత్తరవాసి:

చివరి వీడియోల్లో "ట్రూ టు లైఫ్" (2006) ఒకటి వదిలేయకండి. అప్పటికి ఆవిడ వయసు డెబ్భై అయిదు. తోటలోకి కెమెరా తీసుకెళ్ళి కాడల మధ్య, రేకుల మధ్య దూర్చేశారు. ఆకు తగిలినా చెవిలో పెద్దగా మోగుతుంది. పూల అందం చూపించే వీడియో అనుకుని వెళితే కొంచెం భయమేస్తుంది. నాకు ఎంతో ఇష్టం.

కొలిమి:

ఇంతమంది ఆసక్తి చూపారు కాబట్టి అడుగుతున్నాను. వచ్చే నెల మా ఫిల్మ్ సొసైటీలో ఒక సాయంత్రం ఇవే వేద్దామనుకుంటున్నాం. స్టాక్‌హోంలోని ఫిల్మ్‌ఫోర్మ్ వారు అద్దెకు ఇస్తారు. ఊనా, ష్మీర్‌గుంట్స్, టేక్ ఆఫ్, టైమ్ బీయింగ్, రెడ్ షిఫ్ట్, ఈ అయిదూ. ఏ వరుసలో వేయమంటారు?

పాతరీలు:

తీసిన ఏళ్ళ వరుసలోనే. చివర టైమ్ బీయింగ్ వస్తుంది. దాని తరువాత వెంటనే దీపాలు వేయకండి, చర్చ మొదలుపెట్టి చంపకండి.

సందేహి:

టైమ్ బీయింగ్ ముందు అది ఏమిటో ఒక మాట చెప్పండి. ఇంట్లో అలాంటి మనిషి ఉన్నవాళ్ళు లేచి వెళ్ళే వీలు ఉండాలి. ఆ షరతు మీద నేనూ వస్తాను.

శబ్దగ్రాహి:

ఊనాకు స్పీకర్లు సరిచూసుకోండి. ఒకవైపు స్పీకరు నీరసంగా ఉంటే గొంతుల పొరలన్నీ ముద్దైపోతాయి. కావాలంటే గంట ముందు వచ్చి నేనే చూస్తాను.

మైత్రేయి_క:

ఏ వరుస అయినా సరే, ష్మీర్‌గుంట్స్ మాత్రం టిఫిన్లకు ముందు వేయండి. తరువాత వద్దు.

రెండో_ఆట:

ముందు వేస్తే టిఫిన్లు మిగిలిపోతాయి. నాకు అభ్యంతరం లేదు, నేను ఆకలితో వస్తాను.